పిసినారి నెత్తిన ఉచిత ఉద్యానవనం

సీతాఫలం గింజ మింగితే కడుపులో చెట్టు మొలుస్తుందని మా బామ్మ బెదిరించేది. మనవాళ్ళ ఊహ కడుపు దాకా వెళ్ళి ఆగిపోయింది. జపాన్ వాళ్ళు ఇంకాస్త పైకెక్కారు.

2002లో కోజీ యమమురా తీసిన 'అతామాయామా' పది నిమిషాల యానిమేషన్. మూలం వాళ్ళ పాత రకుగో (ఒకడే కూర్చుని నవ్విస్తూ చెప్పే కథాకళ) హాస్యకథ. ఒక పిసినారి చెర్రీపళ్ళు తింటూ, గింజలు ఊసేయడం దండగని వాటినీ మింగేస్తాడు. నడినెత్తిన మొక్క లేస్తుంది. కత్తిరిస్తాడు, మళ్ళీ లేస్తుంది. ఇక లాభం లేదని వదిలేస్తే చెట్టై పూలు పూస్తుంది. జనం వచ్చి ఆ తల మీదే కూర్చుని తాగి తందనాలాడతారు. ఒళ్ళుమండి చెట్టు పీకేస్తాడు. గుంట పడుతుంది, వాన నిండుతుంది, ఈసారి ఈతగాళ్ళూ గాలాలవాళ్ళూ దిగుతారు. ఆఖరికి తన తలలోని చెరువులో తనే పడతాడు. ఇదంతా షామిసెన్ అనే మూడు తీగల వాద్యం మోతతో ఒకాయన మన బుర్రకథ ఊపులో చెబుతుంటాడు.

నాతో చూసిన మిత్రుడు కళ్ళద్దాలు తుడుచుకుని "సబ్‌కాన్షస్" అన్నాడు.

తర్వాత జపాన్ యానిమేషన్ దిగ్గజం ఒసాము తెజుకా 1984లో తీసిన 'జంపింగ్' పెట్టాం. ఆరు నిమిషాలు ఎవరో గెంతుతూ ఉంటారు. రోడ్డు మీద మొదలై మేడలు, సముద్రం, యుద్ధం అన్నీ దాటేస్తారు. గెంతే మనిషి మొహం చూపించరు. "ఇదీ సబ్‌కాన్షసేనా?" అన్నాను. "ఇది మరీనూ" అన్నాడు. ఇంకో జపాన్ యానిమేటర్ కునియో కాతో తీసిన 'ద హౌస్ ఆఫ్ స్మాల్ క్యూబ్స్'లో నీళ్ళు పెరిగినకొద్దీ ముసలాయన ఇంటి మీద ఇల్లు కడుతూ పోతాడు. పొగతాగే పైపు కింద నీళ్ళలో పడిపోతే దానికోసం మునుగుతాడు. దానికి ఆస్కార్ కూడా వచ్చింది కాబట్టి నేను అడగనేలేదు.

చెట్టు మొలిచిందంటే ఒప్పుకున్నాను. తన తలలో తనే ఎలా మునిగాడని కూడా పేచీ పెట్టలేదు. కానీ గింజ ఊసేయడానికి మనసొప్పని పిసినారి, అంతమంది తల మీద పిక్నిక్ చేసుకుంటే ఒక్క యెన్ వసూలు చేయడా? పూల సీజన్‌లో టికెట్, చెరువుకి చేపల పాట, కనీసం చెప్పుల స్టాండు! ఎంత కలైనా ఇది నమ్మేలా ఉందా?

మిత్రుడు చాలాసేపు ఆలోచించి టీ చెప్పాడు. బిల్లు వచ్చేసరికి కిటికీలోంచి ఆకాశం చూస్తున్నాడు.