టింకా కుర్తి రష్యన్ నటి కాదు

నిన్న రాత్రి ఒక సినిమా గ్రూపులో ‘టానా’ స్టిల్ కనిపించింది. కింద ‘పాత రష్యన్ సినిమా, నటి పేరు తెలియదు’ అని రాశారు. ఆవిడ టింకా కుర్తి, సినిమా అల్బేనియాది అని కామెంట్ పెట్టాను. ‘ఏదైతే ఏంటండీ, అన్నీ కమ్యూనిస్టు సినిమాలేగా’ అని జవాబొచ్చింది. అప్పట్నుంచి ఒళ్లు మండిపోతోంది.

ఏదైతే ఏంటా? 1958లో వచ్చిన ‘టానా’ అల్బేనియా వాళ్లు సొంతంగా తీసుకున్న తొలి పూర్తి నిడివి కథాచిత్రం. దర్శకుడు క్రిస్టాచ్ ధామో, నటులు, భాష, అన్నీ వాళ్లవే. అంతకు ఐదేళ్ల ముందు స్కందర్‌బెగ్ మీద సినిమా వస్తే, దర్శకుడు సోవియట్ వాడు, హీరో జార్జియా నటుడు. తమ జాతీయ వీరుడి వేషం కూడా తమవాడికి దక్కని దేశమది. అక్కడ పాతికేళ్ల అమ్మాయి తన భాషలో మాట్లాడుతూ సినిమా మొత్తాన్ని మోసింది. సినిమా పేరే ఆమె పాత్ర పేరు.

అల్బేనియా తెర మీద మొదటి ముద్దు కూడా అందులోదే అంటారు. ఆ రోజుల్లో, కొండపల్లెల్లో ఆడపిల్ల పెళ్లి పెద్దవాళ్లు ఖాయం చేసే దేశంలో, ఆ సీన్ ఒప్పుకోవడానికి ఎంత గుండె కావాలి! సినిమా అయ్యాక ఆవిడ బతకాల్సింది ష్కోడర్ అనే ఊళ్లో, అక్కడి మిజెని థియేటర్‌లో నాటకాలాడుతూ, అవే ముఖాల మధ్య. ముద్దు పెట్టిన మగవాడిని ఊరు రెండ్రోజుల్లో మర్చిపోతుంది. ఆడదాన్ని జన్మంతా అడుగుతూనే ఉంటుంది. ఇది ఏ ఊళ్లోనైనా అంతే, మీకు నేను చెప్పక్కర్లేదు.

ఆ సీన్‌లో పక్కనున్న నటుడు నయీమ్ ఫ్రాషెరి. ఆ పేరుతో వెతికితే ముందు వచ్చేది వాళ్ల మహాకవి, ఆయన వేరే మనిషి. పాపం, ఆ నటుడికీ అన్యాయమే. కానీ ఆయన్ని రష్యన్ అని ఎవరూ అనలేదు.

ఇంకో అల్బేనియా నటి మారీ లొగొరెచి గురించైతే అడగనే వద్దు. 1957లో తొలి అల్బేనియన్ కథా లఘుచిత్రంలో నటించింది ఆవిడే. గొప్ప గాయని కూడా. రాజధాని టిరానాలోని జాతీయ థియేటర్‌ని ఏళ్ల తరబడి నిలబెట్టినవాళ్లలో ఒకరు.

ఆ థియేటర్ భవనాన్ని ఏం చేశారో తెలుసా? కూల్చొద్దని కళాకారులు రెండేళ్లకు పైగా కాపలా కాశారు. 2020 మే 17న, కరోనా ఆంక్షలతో జనం ఇళ్లలో ఉన్న సమయం చూసి, తెల్లవారుజామున పోలీసుల్ని పెట్టి నేలమట్టం చేశారు. లోపలున్న వాళ్లను బయటికి ఈడ్చి మరీ! బుల్‌డోజర్ వీడియో చూసిన రోజు నాకు అన్నం సహించలేదు. పేర్లు చెరిపేసేవాళ్ల మీద నా కోపం నిన్నటిది కాదు, ఆ రోజు నుంచీ ఉంది.