తొండకి ప్రమోషన్లు ఇచ్చే సామెత గారికి

గౌరవనీయులైన ‘తొండ ముదిరితే ఊసరవెల్లి’ గారికి,

ఉదయగిరి మెట్ట నుంచి విన్నపం. పార్టీ మారినవాడి మీదా, మాట తప్పిన వియ్యంకుడి మీదా తమరు నిత్యం డ్యూటీలోనే ఉంటారు. కానీ తొండకి ఈ ప్రమోషన్ ఏ రూలు కింద ఇస్తున్నట్టు? సీనియారిటీ అందామంటే, శాస్త్రవేత్తల రికార్డులో మన ఊసరవెల్లి పేరెక్కింది 1768లో. తొండ చేరింది 1802లో!

పోనీ అర్హతలు చూద్దాం. తొండకి కాలివేళ్లు ఐదూ విడివిడిగా ఉంటాయి. వాటిని రెండు కట్టలుగా అతికించి పట్టకారు చేయాలి: ముందుకాలికి లోపల మూడు, బయట రెండు, వెనక కాలికి లోపల రెండు, బయట మూడు. తల పక్కన కనిపించే చెవి రంధ్రం పూడ్చాలి. కంటిరెప్పలు కలిపేసి నడుమ పాప పట్టేంత చిల్లి వదలాలి. ఒక కన్ను మిడత మీద, రెండోది గద్ద మీద పెట్టడం నేర్పాలి; నాలుక విసిరే ముందు మాత్రం రెండు కళ్లూ పురుగు మీదికే తిరగాలి. ఆ నాలుక, తోకని వదిలేసి కొలిచిన ఒంటికంటే పొడుగ్గా సాగాలి. తోక కొమ్మకి చుట్టుకోవాలి. ముదిరితే వచ్చే మార్పులేనా ఇవి?

రంగు దగ్గర తమరి కేసు మరీ వీగిపోతుంది. జతకట్టే కాలంలో మగతొండ తల, గొంతు ఎర్రబడతాయి, ఏ ప్రమోషనూ లేకుండానే. ఊసరవెల్లిని ఎర్ర తువ్వాలు మీద కూర్చోబెట్టి చూడండి, ఎర్రబడదు. చలిపొద్దున ఎండ పీల్చుకోవడానికి ముదురు రంగుకొస్తుంది. పోటీకి మరో మగది ఎదురైనా మారుతుంది. మడగాస్కర్ జాతి ఒకదాని చర్మంలో వెలుగుని తిప్పికొట్టే గ్వానిన్ అనే పదార్థపు స్ఫటికాలను చూసి జెనీవా పరిశోధకులు 2015లో గుట్టు తేల్చారు: ఉద్రేకపడితే స్ఫటికాల మధ్య ఎడం పెరుగుతుంది, ఆకుపచ్చ కాస్తా పసుపుకి జరుగుతుంది. లోపలి కోపం ఒంటిమీదే వేసుకుని తిరిగే అమాయకుణ్ని తెచ్చి మాట తప్పేవాళ్లతో జతకట్టారే!

తమరి పుణ్యమా అని తొండకి రాళ్లదెబ్బలు, ఊసరవెల్లికి విషజంతువన్న పేరు. విషం చుక్క కూడా లేదు దానికి. గుడ్లు పెట్టను నేలకి దిగిన ఆడది, అడుగు ముందుకీ వెనక్కీ ఊగుతూ రోడ్డు దాటేలోపు లారీ వచ్చేస్తుంది. తోక పట్టి లాగొద్దు. ముందుకాళ్ల ఎదుట పుల్ల పెడితే తనే ఎక్కుతుంది, పోతున్న వైపే చిల్లకంప మొదట్లో దించాలి. ముచ్చటపడి ఇంటికి తెచ్చుకుంటే 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద కేసు. ఆ కేసులో సాక్ష్యానికి పిలిచినా సరే, తమరు మాత్రం రావద్దు.

ఇట్లు,
తొండనీ ఊసరవెల్లినీ విడివిడిగా ఎరిగినవాళ్లు