అందరి కోసం అన్నారు సరే, బిల్లు ఎవరు కట్టారు?

1896లో లండన్ హామర్‌స్మిత్‌లోని కెల్మ్‌స్కాట్ ప్రెస్ పాతకాలపు కవి చాసర్ రచనల సంపుటిని అచ్చు వేసింది. చేత్తో తయారైన కాగితం, చేతి ప్రెస్సు, చెక్క మీద చెక్కి అద్దిన బొమ్మలు, అంచుల నిండా తీగలు. కాగితం ప్రతులు 425. ఒక్కోదాని ధర 20 పౌన్లు. ఆ రోజుల్లో మామూలు కూలీకి వారమంతా ఒళ్లు హూనం చేసుకుంటే ఒక పౌను చేతికొస్తే గొప్ప. ఇంత ఖరీదైన పుస్తకం అచ్చేయించిన మనిషి ఏ జమీందారో అనుకుంటాం. కాదు, పక్కా సోషలిస్టు. 1883లో డెమొక్రటిక్ ఫెడరేషన్‌లో చేరి, మరుసటి ఏడాది సోషలిస్ట్ లీగ్ పెట్టి, వీధి మూలల్లో నిలబడి ఉపన్యాసాలిచ్చిన విలియం మారిస్. చదువు కొందరికే, స్వేచ్ఛ కొందరికే అంటే ఎలా ఒప్పుకోనో, కళ కొందరికే అన్నా అలాగే ఒప్పుకోనని 1877లోనే సభాముఖంగా చెప్పిన మనిషి.

యూరప్ ఆధునిక డిజైన్ కథను మన దగ్గరా, అక్కడా కూడా ప్రకటనల వరసగానే చెబుతుంటారు. మారిస్ ఏమన్నాడు, జర్మనీ డిజైన్ స్కూలు బౌహౌస్ ఏమంది, ఎవరు ఎవరిని ఖండించారు. నా లెక్క వేరు. మంచి వస్తువు సామాన్యుడి ఇంటికి చేరాలని గొంతెత్తి చెప్పినవాళ్ల సరుకు చాలావరకు డబ్బున్న ఇళ్లకే వెళ్లింది. ఒక వడ్రంగి, ఒక నగరపాలక సంస్థ మాత్రం ఆ పని చాలావరకు చేసి చూపించాయి. ఎందుకంటే వాళ్లు గీత గీసే ముందే ఖర్చు లెక్క వేశారు.

మారిస్‌ని వెక్కిరించడం తేలికే, కానీ ఆయన ధరలు దురాశతో పెట్టినవి కావు. ఆయన పని తీరు చూస్తే తెలుస్తుంది. 1881లో వాండిల్ నది ఒడ్డున మెర్టన్ అబ్బేలో అద్దకం పని పెట్టాడు. తోటలో స్ట్రాబెర్రీలు ఎత్తుకుపోయే పిట్టల బొమ్మతో 1883లో చేసిన బట్ట అక్కడిదే. ముందు గుడ్డ మొత్తాన్ని నీలిమందు తొట్టిలో ముంచాలి. తర్వాత తెలుపు ఎక్కడ కావాలో అక్కడ రంగు తీసేసే మందును అచ్చు దిమ్మెతో అద్దాలి. కడగాలి. ఎరుపుకో దిమ్మె, పసుపుకో దిమ్మె, ప్రతిదానికీ మళ్లీ ఉతుకు, మళ్లీ ఆరబెట్టడం. ఒక బట్ట పూర్తవడానికి రోజులు పట్టేది. పక్క ఊరి మిల్లులో రోలర్ యంత్రం గజాల కొద్దీ బట్టను గంటలో అచ్చేస్తుంటే, ఇక్కడ మనిషి చేయి, ఎండ, నీళ్లు ఎంత చెబితే అంతే.

మచిలీపట్నం, పెడన వైపు అద్దకం పని చూసినవాళ్లకు ఇదేమీ కొత్త కాదు. 17వ శతాబ్దంలో కోరమాండల్ తీరం నుంచి ఓడలకెక్కిన పూల బట్టల మోజులో యూరప్ పడిపోయింది. అక్కడి నేతగాళ్లు గగ్గోలు పెడితే ఇంగ్లండ్ 1701లో దిగుమతుల మీద, 1721లో ఏకంగా వాడకం మీదే ఆంక్షలు పెట్టింది. ఆ తర్వాత ఆ పని నేర్చుకుని, యంత్రాలకెక్కించి, చవక చేసేసింది. మారిస్ చేసిందల్లా ఆ చవకదనం మీద విసుగుతో చేతి అచ్చును మళ్లీ వెనక్కి తేవడం. ధర కూడా దానితోపాటే వెనక్కి వచ్చింది. రౌంటన్ గ్రేంజ్ అనే బంగళాలో పని చేస్తున్నప్పుడు, ధనికుల పందిబతుకు విలాసాలకు చాకిరీ చేయడంలోనే నా జన్మ గడిచిపోతోందని ఆ ఇంటి యజమాని మీదే విరుచుకుపడ్డాడని చెబుతారు. ఆ యజమాని ఉక్కు పరిశ్రమల అధిపతి. ఎవరి డబ్బుతో ఆ గోడలకు అందం వస్తోందో మారిస్‌కి బాగానే తెలుసు. పైగా ఆయన సొంత ఆస్తిలో పెద్ద వాటా డెవన్ గ్రేట్ కన్సోల్స్ గని షేర్లు. రాగి కోసం తవ్విన ఆ గని తర్వాత ఆర్సెనిక్ అనే విషపదార్థం ఉత్పత్తిలో పేరు మోసింది. మారిస్ కొన్నేళ్లు దానికి డైరెక్టర్ కూడా. ఆయన కంపెనీ కూడా అమ్మిన వాల్‌పేపర్ల పచ్చ రంగులో ఆర్సెనిక్ ఉందని జనం భయపడుతుంటే, అదంతా డాక్టర్ల భ్రమ అని కొట్టిపారేశాడు.

ఇప్పుడు వడ్రంగి సంగతి. మిఖాయెల్ థోనెట్ 1796లో రైన్ నది ఒడ్డున బోప్పార్డ్‌లో పుట్టాడు. 1842లో వియన్నా చేరాడు. బొంబాయి ఇరానీ కేఫ్‌లలో, హైదరాబాద్ పాతతరం ఇరానీ హోటళ్లలో గుండ్రటి సీటు, వంపు తిరిగిన వీపుతో ఉండే కర్ర కుర్చీలు గుర్తున్నాయా? ఆ జాతికి మూలపురుషుడు ఈయనే. 1859 ప్రాంతంలో వచ్చిన ఆయన 14వ నంబరు కుర్చీలో ఉన్నవి ఆరు కర్ర ముక్కలు, పది స్క్రూలు, రెండు నట్లు. అంతే.

అసలు గొప్పతనం కర్రను వంచడంలో ఉంది. కర్రను వంచితే లోపలి వైపు నొక్కుకుంటుంది, బయటి వైపు సాగుతుంది. నొక్కుడును కర్ర భరిస్తుంది, సాగదీస్తే మాత్రం టప్పున చీలుతుంది. థోనెట్ ఏం చేశాడంటే, ఆవిరిలో మెత్తబడ్డ బీచ్ అనే చెట్టు కర్రకు బయటి వైపు ఒక పలచటి ఇనుప పట్టీ బిగించాడు. పట్టీ సాగదు కాబట్టి కర్ర బయటి అంచూ సాగదు. ఒంపు భారమంతా లోపలి వైపు నొక్కుడులోకి వెళ్లిపోతుంది. పట్టీతో సహా దాన్ని ఇనుప అచ్చులోకి వంచి, వేడి గదిలో ఆరబెడితే ఆ రూపం అలాగే నిలిచిపోతుంది. 1856లో దీనికి పేటెంట్ వచ్చింది.

కుర్చీ పనిలో ఆరితేరిన వడ్రంగి అవసరం దీంతో తీరిపోయింది. కూసం పెట్టి బిగించే నేర్పు అక్కర్లేదు, జిగురు అక్కర్లేదు. ఫ్యాక్టరీని నగరంలో కాకుండా ఇప్పటి చెక్ దేశంలోని మొరావియాలో బీచ్ అడవుల పక్కనే, కొరిచాన్‌లో పెట్టారు. దుంగలు మోసే ఖర్చు తప్పింది. చుట్టుపక్కల పల్లెల నుంచి కూలీలు వచ్చారు. నునుపు చేయడం, సీటుకు కేన్ అల్లడం, ప్యాకింగ్ లాంటి పనులు ఆడవాళ్లవి. కుర్చీని విప్పి పంపేవాళ్లు. ఒక ఘనపు మీటరు పెట్టెలో 36 కుర్చీల ముక్కలు పట్టేవి. ఏ దేశం చేరితే ఆ దేశంలో స్క్రూలు బిగిస్తే సరి. 1930 నాటికి ఈ ఒక్క నమూనా 5 కోట్ల దాకా అమ్ముడైంది. 1925 పారిస్ ప్రదర్శనలో ఆర్కిటెక్ట్ లె కార్బూజియే తన ఆధునిక ఇంటి నమూనాలో కూర్చోవడానికి వేయించినవి కూడా థోనెట్ కుర్చీలే. ఆధునికత అంటే ఇలా ఉండాలని మేధావులు తేల్చుకునేసరికి, అది వాళ్ల తాతల కాలం నుంచే కాఫీ హోటళ్లలో ఉంది.

బౌహౌస్ దగ్గరికి వస్తే కథ మళ్లీ మారిస్ దారి పట్టింది. 1919లో వైమార్‌లో వాల్టర్ గ్రోపియస్ పెట్టిన ఈ స్కూలు మొదట చేతిపనికి జేజేలు కొట్టింది. 1923కల్లా కళ, సాంకేతికత ఒకటేనంటూ యంత్రం వైపు తిరిగింది. ఆ మరుసటి ఏడాది విల్‌హెల్మ్ వాగెన్‌ఫెల్డ్ అనే యువకుడు చేసిన గాజు, లోహపు టేబుల్ లాంప్‌ని లైప్‌జిగ్ వాణిజ్య మేళాకి తీసుకెళ్లారు. పాలగాజు బుర్ర, నికెల్ పూత, ఎక్కడా అలంకారమన్నది లేదు. వ్యాపారులు చూసి నవ్వారట. ఎందుకు నవ్వారో వాగెన్‌ఫెల్డే తర్వాత చెప్పుకున్నాడు. చూడ్డానికి అది యంత్రం చేసిన చవక సరుకులా ఉంది, తీరా ధర చూస్తే చేతిపని ధర. నిజంగానే దాన్ని వర్క్‌షాపులో ఒక్కొక్కటిగా చేత్తో చేశారు. యంత్రయుగం వేషం వేసుకున్న చేతిపని అది. మారిస్ కనీసం చేతిపనిని చేతిపనిలాగే చూపించి అమ్మాడు. బౌహౌస్‌కే చెందిన మార్సెల్ బ్రాయర్ సైకిల్ హ్యాండిల్ చూసి చేసిన ఉక్కు గొట్టాల కుర్చీలు కూడా ఆ రోజుల్లో కార్మికుడు కొనగలిగేవి కావు.

1928లో డైరెక్టరైన హానెస్ మేయర్‌కి ఈ తేడా కళ్లకు కొట్టినట్టు కనిపించింది. విలాసం కాదు, జనం అవసరం చూడండని విద్యార్థులకు గట్టిగా చెప్పాడు. ఆయన హయాంలోనే బౌహౌస్‌కి వ్యాపారపరంగా అత్యంత విజయం తెచ్చిన వస్తువు తయారైంది. అది కుర్చీ కాదు, దీపం కాదు. వాల్‌పేపర్! అలంకారం నేరమన్నంత మాట అన్న తరం, చివరికి మారిస్ నెగ్గిన చోటే నెగ్గింది.

దాని వెనక ఉన్నది మారియా రాష్. వైమార్‌లో చదువుకున్న ఈమె కుటుంబానికి వాల్‌పేపర్ ఫ్యాక్టరీ ఉంది. ఈమె చొరవతో స్కూలుకీ, ఫ్యాక్టరీకీ ఒప్పందం కుదిరింది. 1929లో విద్యార్థుల మధ్య పోటీ పెట్టారు. హిన్నెర్క్ షెపర్ నడిపిన గోడల చిత్రణ విభాగం ఆ పని చూసుకుంది. పెద్ద పెద్ద పూలు లేవు. సన్నటి గీతలు, నేత లాంటి గళ్లు, దగ్గరికొస్తే తప్ప తెలియని చుక్కలు. వీటిలో అందం కన్నా తెలివి ఎక్కువని నా అభిప్రాయం. పెద్ద పువ్వున్న కాగితం అంటించాలంటే పక్క కాగితంలో సగం పువ్వు సరిగ్గా కలవాలి, దానికోసం ప్రతిసారీ కొంత ముక్క కోసి పారేయాలి. సన్నటి గీతలకు ఆ బెడద లేదు. వృథా లేదు, అంటించేవాడికి టైమ్ కలిసొస్తుంది, చిన్న గది ఇరుకుగా అనిపించదు. కొత్తగా కడుతున్న చవక ఇళ్లకు అతికినట్టు సరిపోయింది. 1933లో నాజీల ఒత్తిడికి స్కూలు మూతపడింది. వాల్‌పేపర్ మాత్రం ఆ తర్వాత కూడా మార్కెట్లో నడిచింది.

ఇంతకీ ఆ చవక ఇళ్లు ఎవరి డబ్బుతో కట్టారు? డిజైన్ పుస్తకాల్లో ఒక వాక్యంలో దాటేసే ఈ విషయమే నాకు అన్నిటికన్నా ముఖ్యంగా తోస్తుంది. 1923లో జర్మనీ కరెన్సీ కుప్పకూలింది. పాత ఇళ్ల యజమానులు తీసుకున్న అప్పులు ఆ దెబ్బకి చిల్లరైపోయాయి, ఇల్లు మాత్రం నిలిచింది. కష్టపడకుండా వచ్చిన ఈ లాభం మీద 1924లో ప్రభుత్వం ఇంటి పన్ను వేసింది. అందులో కొంత కొత్త ఇళ్లకు మళ్లింది. ఫ్రాంక్‌ఫర్ట్ నగరంలో ఎర్న్‌స్ట్ మాయ్ అనే ఆర్కిటెక్ట్ ఆ డబ్బుతో వేల ఇళ్లు కట్టించాడు. ఆ ఇళ్లలో వంటగది బాధ్యత మార్గరెటె షూటె-లిహోట్‌స్కీకి అప్పగించాడు. 1897లో వియన్నాలో పుట్టిన ఆమెకి అప్పటికి ముప్పై కూడా లేవు.

1926 నాటి ఆ వంటగది వెడల్పు సుమారు 1.9 మీటర్లు, పొడవు 3.4 మీటర్లు. రైలు డైనింగ్ కారులోని వంట స్థలం ఆమెకి ఒక నమూనా. ఒక మనిషి ఎన్ని అడుగులు వేస్తుంది, ఎటు తిరుగుతుంది, గిన్నె కడిగి ఎక్కడ పెడుతుంది అని స్టాప్‌వాచ్ పట్టుకుని లెక్కేసింది. బియ్యం, పంచదార లాంటి సరుకులకు అల్యూమినియం సొరుగులు చేయించింది, చివర మూతి ఉండటంతో సొరుగు లాగి నేరుగా గిన్నెలో పోసుకోవచ్చు. పిండికి మాత్రం ఓక్ చెక్క సొరుగు, పురుగు పట్టదని. కిటికీ కింద కూర్చుని కూరలు తరిగే బల్ల, తొక్కలు తోసేయడానికి అందులోనే ఒక గాడి. ఈగలు వాలవన్న నమ్మకంతో నీలి ఆకుపచ్చ రంగు. దాదాపు 10 వేల ఇళ్లలో దీన్ని అమర్చారు. వేలల్లో ఒకేసారి చేయించడంతో ఖర్చు తగ్గింది, ఆ ఖర్చును ఇంటి అద్దెలో కలిపేశారు. ఎవరూ షాపుకెళ్లి కొనక్కర్లేదు.

ఇందులోనూ లోటుపాట్లు లేకపోలేదు. వంటింట్లోనే బల్ల వేసుకుని తినడం అలవాటైన కుటుంబాలకి ఈ ఇరుకు మింగుడు పడలేదు. ఇద్దరు నిలబడితే మోచేతులు తగులుతాయి. ఒక్క ఆడమనిషి ఒంటరిగా వండుతుందన్న లెక్కమీదే అంతా కట్టారు. ఆమె అడుగులు తగ్గాయి గానీ, ఆ పని పంచుకునేవాళ్లకు చోటే లేకుండా పోయింది. ఫ్రాంక్‌ఫర్ట్‌లోని రోమర్‌స్టాట్ కాలనీలో అంతా కరెంటు పొయ్యిలే, ఆ బిల్లులు చూసి జనం గగ్గోలు పెట్టారు. అద్దెలు కూడా నేర్పున్న కార్మికులకు, గుమస్తాలకు అందాయి కానీ, అట్టడుగు కూలీలకు అందలేదు.

థోనెట్ లెక్కలోనూ మారిస్ అడిగే ప్రశ్న అలాగే ఉంది: ఇంత చవకగా చేసిన చేతులకి ఏం మిగిలింది? నేర్పు అక్కర్లేని పని అంటే బేరమాడే బలం లేని కూలీ అని కూడా అర్థం. కొనేవాడికి తగ్గిన ధర ఎక్కడో ఎవరి జీతంలోంచో తగ్గుతుంది. ఈ ఒక్క విషయంలో మారిస్‌ని ఎవరూ ఓడించలేదు. పోచంపల్లి చిటికి (ఇక్కత్) డిజైన్‌ని మిల్లు గుడ్డ మీద అచ్చేసి అమ్ముతున్న దుకాణం ముందు నిలబడితే ఇప్పటికీ అదే ప్రశ్న వస్తుంది. కాకపోతే ఆయన దగ్గర ఉన్న జవాబు 20 పౌన్ల పుస్తకం.

ఫ్రాంక్‌ఫర్ట్ ప్రయోగం 1929 ఆర్థిక మాంద్యంతో కుంటుపడింది. నిధులు ఎండిపోయాయి. 1930లో మాయ్ తన బృందంతో సోవియట్ యూనియన్ వెళ్లిపోయాడు, షూటె-లిహోట్‌స్కీ కూడా. తర్వాత ఆమె నాజీలకు వ్యతిరేకంగా రహస్యంగా పనిచేస్తూ పట్టుబడి 1941 నుంచి 1945 దాకా జైల్లో గడిపింది. యుద్ధం తర్వాతి దశాబ్దాల్లో ఆ వంటగదులను చాలావరకు పీకేశారు. మిగిలినవాటిలో ఒకటి న్యూయార్క్‌లోని మోమా మ్యూజియంలో ఉంది. వాగెన్‌ఫెల్డ్ దీపం, బ్రాయర్ కుర్చీ ఇప్పుడు ఖరీదైన షోరూముల్లో దొరుకుతున్నాయి. వందేళ్లు దాటి బతికిన షూటె-లిహోట్‌స్కీ, జీవితాంతం అందరూ ఆ ఒక్క వంటగది గురించే అడుగుతారని తెలిస్తే ఆ దిక్కుమాలినదాన్ని కట్టేదాన్నే కాదని విసుక్కుంది. ఆమె కట్టాలనుకున్నది కూలీ జీతంలో అద్దె కట్టగలిగే ఇల్లు. వంటగది అందులో ఒక గది మాత్రమే.