శాలువా వద్దండీ, స్క్రీనింగ్ ఫీజు ఇవ్వండి

పోయిన నెల ఒక కాలేజీ వాళ్ళు మా డాక్యుమెంటరీ వేస్తామని పిలిచారు. హాలు నిండిపోయింది. సినిమా అయ్యాక గంటసేపు పిల్లలు ప్రశ్నలు అడిగారు. శాలువా కప్పారు. స్క్రీనింగ్ ఫీజు సంగతి ఎత్తేసరికి నిర్వాహకుడు నొచ్చుకున్నాడు. "సమాజం కోసం తీసిన సినిమాకి డబ్బులు అడుగుతారేంటండీ?" అన్నాడు. ఆ రోజు మైక్‌సెట్టుకి ఇచ్చారు, ఫ్లెక్సీకి ఇచ్చారు, టిఫిన్లకి ఇచ్చారు. సినిమాకి మాత్రం ఇవ్వలేదు.

పన్నెండేళ్ళుగా ఈ మాట వింటున్నాను. ఇక ఊరుకోలేక రాస్తున్నాను.

డాక్యుమెంటరీ నిర్మాత పనిలో షూటింగ్ రోజులు చాలా తక్కువ. మిగతా కాలమంతా గ్రాంట్ దరఖాస్తులు, బడ్జెట్లు, అనుమతులు. ఊళ్ళో ఒక మనిషి మన దగ్గర నోరు విప్పడానికే ఆరు నెలలు పట్టొచ్చు. అన్నాళ్ళూ రూమ్ అద్దె, బస్సు చార్జీలు, సౌండ్ చేసే కుర్రాడి జీతం ఎవరో ఒకరు కట్టాలి కదా. సినిమా బయటికొచ్చాక ఆ మనిషికి ఊళ్ళో ఇబ్బందైతే మొదటి ఫోన్ నాకే వస్తుంది. రావాలి కూడా.

డాక్యుమెంటరీ దర్శకురాలు దీపా ధన్‌రాజ్ గారు 1980లో కొందరు స్నేహితులతో కలిసి యుగాంతర్ అనే బృందం పెట్టారు. పుణెలో ఇళ్ళల్లో పనిచేసే ఆడవాళ్ళ మీద, కర్ణాటకలోని నిప్పాణి పొగాకు కార్మికుల మీద సినిమాలు తీశారు. హైదరాబాద్‌లోని స్త్రీశక్తి సంఘటన అనే మహిళా బృందంతో కలిసి 1983లో 'ఇది కథ మాత్రమేనా' తీశారు. ఇంట్లో భార్య పడే హింస గురించి, తెలుగులోనే. మొగుడు కొడితే కడుపులో దాచుకోమని అమ్మలే చెప్పే రోజులవి. ఆ తర్వాత 1984 హైదరాబాద్ అల్లర్ల మీద 'క్యా హువా ఇస్ షహర్ కో' తీశారు. ఆ సినిమాని బాగుచేసి భద్రపరిచింది ఎవరో తెలుసా? బెర్లిన్‌లోని ఆర్సెనల్ అనే సినిమా సంస్థ. మన పాతబస్తీ చరిత్ర పాడైపోకుండా జర్మనీ వాళ్ళు చూసుకోవాల్సి వచ్చింది. ఇది తలుచుకున్నప్పుడల్లా నాకు కడుపు రగిలిపోతుంది.

టీవీలో అయినా వేస్తారా అంటే, డాక్యుమెంటరీ దర్శకుడు ఆనంద్ పట్వర్ధన్ 1990ల మధ్యలో తీసిన ఒక సినిమాని దూరదర్శన్‌లో వేయించుకోడానికి సుప్రీంకోర్టు దాకా పోవాల్సి వచ్చింది. తీర్పు 2006లో వచ్చింది. అంతకాలం కోర్టుల చుట్టూ తిరిగే ఓపిక, స్తోమత ఎంతమందికి ఉంటాయి?

మాతో మూడు సినిమాలకి సౌండ్ చేసిన కుర్రాడు ఇప్పుడు పెళ్ళి వీడియోలకి వెళ్తున్నాడు. ఇంట్లో చిన్న పాప. వాణ్ణి ఉండిపొమ్మని అడగడానికి నాకు నోరు రాలేదు.

అందుకే నేరుగా అడుగుతున్నాను. 200 మంది కూర్చున్న హాల్లో తలా 50 రూపాయలు వేసుకుంటే 10,000 అవుతుంది. దాంతో ఒక హార్డ్‌డిస్క్ కొనుక్కుంటాం. ఒక ఊరి మనుషులు మమ్మల్ని నమ్మి చెప్పిన మాటలన్నీ అందులో ఇక్కడే, మన దగ్గరే ఉంటాయి.