సస్పెండైన డాక్టరు: అప్పీలా, రిట్టా?

(ఊహించుకున్న కేసు ఇది. ఒక సర్జన్ పేరును రాష్ట్ర మెడికల్ కౌన్సిల్ ఆరు నెలల పాటు రిజిస్టరు నుంచి తొలగించింది. ఆయన ఎక్కడికి వెళ్లాలన్నదే వాదం. ఒకరు హైకోర్టు న్యాయవాది. మరొకరు కౌన్సిల్ ఎథిక్స్ కమిటీలో పనిచేసి రిటైరైన వైద్యురాలు.)

న్యాయవాది: ఈ ఉత్తర్వు చూడండి డాక్టరు గారూ. మూడు పేజీల్లో రెండున్నర పేజీలు ఫిర్యాదులోని మాటలే. చివర ఒకే వాక్యం: "వివరణ సంతృప్తికరంగా లేదు." ఎందుకు లేదో ఒక్క ముక్క రాయలేదు. కారణాలు చెప్పకుండా శిక్ష వేయడం సహజ న్యాయానికి విరుద్ధం. రేపే రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ వేస్తాను, అంటే ఈ ఉత్తర్వును కొట్టేయమని నేరుగా హైకోర్టునే అడుగుతాను.

వైద్యురాలు: వేయండి. జడ్జి గారు ముందుగా ఏమడుగుతారో నేను చెబుతాను: "అప్పీలు ఉంది కదా, అక్కడికెందుకు వెళ్లలేదు?" 2019 నాటి జాతీయ వైద్య కమిషన్ చట్టం 30వ సెక్షన్ ప్రకారం ఎథిక్స్, మెడికల్ రిజిస్ట్రేషన్ బోర్డుకు మొదటి అప్పీలు. అక్కడా ఓడితే 60 రోజుల్లో కమిషన్‌కు రెండోది. మెట్లుండగా గోడ దూకడం ఎందుకు?

న్యాయవాది: మెట్లున్నాయని కోర్టు తలుపు మూసుకోదు. సహజ న్యాయాన్ని ఉల్లంఘించినా, ప్రాథమిక హక్కుకు భంగం కలిగినా, అధికారం లేనివారు ఉత్తర్వు ఇచ్చినా రిట్ వినవచ్చని 1998లో వర్ల్‌పూల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. పైగా అప్పీలు వేసినంత మాత్రాన సస్పెన్షన్ ఆగదు. స్టే అడగాలి, వాళ్లు దయతలచాలి. ఈలోగా ఆరు నెలలూ గడిచిపోతాయి. శిక్షంతా అనుభవించాక గెలిచి ఏం లాభం?

వైద్యురాలు: స్టే సంగతి కాదనను. కానీ హైకోర్టు కేస్ షీటు తిరగేస్తుందా? రక్తస్రావం మొదలయ్యాక రోగిని రెండో ఆపరేషన్‌కు తీసుకెళ్లడంలో ఆలస్యం జరిగిందా లేదా అన్నదే ఇక్కడ అసలు ప్రశ్న. అది తేలాలంటే నర్సు గంటగంటకూ రాసిన బీపీ చార్టు, అనస్థీషియా నోట్సు పక్కపక్కన పెట్టుకుని చదవాలి. కోర్టు చూసేది నిర్ణయం ఎలా తీసుకున్నారని, వైద్యపరంగా అది సరైనదా అని కాదు. మీరు గెలిచినా చాలావరకు "మళ్లీ విచారించండి" అని కౌన్సిల్‌కే తిప్పి పంపుతారు. ఆయన పేరు మీద మచ్చ అలాగే ఉంటుంది.

న్యాయవాది: ఉండనివ్వండి. ఆ మధ్యకాలంలో ఆయన ప్రాక్టీసు చేసుకుంటారు కదా! అది సరే, ఆంక్ష ఉత్తర్వులో కాక చట్టంలోనే ఉంటే? మీ బోర్డు చట్టాన్ని కొట్టేయగలదా?

వైద్యురాలు: లేదు. కోర్టులు కూడా అంత తేలిగ్గా కొట్టేయవు. లింగ నిర్ధారణ నిషేధ చట్టం మీద గైనకాలజిస్టుల సమాఖ్య ఫాగ్సీ సుప్రీంకోర్టుకు వెళ్లింది. గర్భిణికి స్కానింగ్ చేసేటప్పుడు నింపాల్సిన ఫారం-ఎఫ్‌లో గడి ఖాళీగా వదిలేసినా నేరమేనా, అభియోగాలు నమోదు కాగానే రిజిస్ట్రేషన్ సస్పెండ్ చేస్తారా అని అడిగింది. 2019 మేలో ఓడిపోయింది. ఆ గడి నింపడం గుమస్తా పని కాదని కోర్టు తేల్చింది. నిజం చెప్పాలంటే, నాదీ అదే మాట.

న్యాయవాది: నాకు మాత్రం ఆ తీర్పు మింగుడుపడదు. చిరునామా రాయడం మరిచినవారినీ, లింగ నిర్ధారణ చేసినవారినీ ఒకే గాటన కట్టారు. సరే, అది వేరే పంచాయితీ. మన సర్జన్ సంగతి చెప్పండి.

వైద్యురాలు: ఈ వారమే అప్పీలు, దానితో పాటే స్టే దరఖాస్తు. బోర్డు స్టే సంగతి తేల్చకపోతే అప్పుడు హైకోర్టుకు వెళ్లి ఆ ఒక్కటే అడగండి.

న్యాయవాది: ఎన్నాళ్లు ఆగమంటారు?

వైద్యురాలు: రెండు వారాలు.

న్యాయవాది: ఒక్క వారం. వచ్చే మంగళవారం ఆయనకు ఆపరేషన్లున్నాయి.

వైద్యురాలు: వాటిని ముందు ఇంకొకరికి అప్పగించమనండి. పేరు రిజిస్టరులో లేకుండా వైద్యం చేస్తే వైద్య కమిషన్ చట్టం 34వ సెక్షన్ కింద ఏడాది వరకు జైలు, లేదా ఐదు లక్షల రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. అప్పుడు మీరు రిట్ పక్కన పెట్టి బెయిలు కాగితాలు రాసుకోవాలి.