ఆటకట్టు సమస్యలపై ఒక పౌరుడి అభ్యంతరం

చదరంగం మీద మాకు కోపం లేదు. ఆడండి, గెలవండి, కప్పు పట్టుకుని ఫొటో దిగండి. హంపినీ హరికృష్ణనూ చూపించి పిల్లల్ని కోచింగ్‌లో చేర్చండి, ఫీజు కట్టండి, రేటింగ్ పెరగలేదని ఆ పిల్లల మీదే అరవండి. ఇవన్నీ కుటుంబ విలువలే. మా అభ్యంతరమంతా ఆ పక్కనే గుట్టుగా సాగుతున్న ఇంకో వ్యవహారం గురించి. ఒకాయన ఇంట్లో కూర్చుని, ఏ ఆటలోనూ రాని ఒక స్థితిని బోర్డు మీద పేర్చి, కింద "తెల్లపావులు రెండు ఎత్తుల్లో ఆట కట్టించాలి" అని రాస్తాడు. దాన్ని పట్టుకుని ఇంకెక్కడో ఇంకొకాయన అన్నం చల్లారబెట్టుకుంటాడు. దీన్ని చెస్ ప్రాబ్లమ్ అంటారు.

ఆ బోర్డు ఒకసారి చూడండి. తెల్లవైపు మంత్రి, రెండు ఏనుగులు (రూక్‌లు), శకటు (బిషప్), గుర్రం. నల్లవైపు రాజు, ఆయన చుట్టూ రెండు మూడు బంట్లు. బడికెళ్లే పిల్లాడు కూడా పదో ఎత్తుకో పన్నెండో ఎత్తుకో గెలిచేస్తాడు. కుదరదట! రెండే ఎత్తులు. పైగా మొదటి ఎత్తులోనే చెక్ చెబితే మొరటుతనం, పావును చంపితే ఇంకా మొరటు. మంత్రిని తీసుకెళ్లి, ఎందుకో ఎవరికీ అర్థం కాకుండా ఏ మూల గడిలోనో పెడితే మాత్రం "ఆహా" అంటారు. సరే, ఎవరి పిచ్చి వారికి ఆనందం. కానీ ఇంకో మొదటి ఎత్తుతో కూడా ఆట కట్టిందనుకోండి, సమస్య చెడిపోయినట్టే, పక్కన పారేస్తారు. గెలవడానికి రెండు దారులుండటం నేరమా? ఒక్క సంతకం కోసం నలుగురి చేత ఫోన్ చేయించే సంస్కృతి మనది. ఒకటే దారి ఉండాలి, అదీ అందంగా ఉండాలి అని నేర్చుకున్న కుర్రాడు రేపు లైసెన్సు కోసం వెళ్లి ఏం చేస్తాడు?

ఉద్యోగుల మనోభావాల సంగతీ చూద్దాం. 1895లో గ్లాస్గోలో బార్బియే అనే ఆయన తన పత్రికా శీర్షికలో ఒక స్థితి వేశాడు. తెల్లకు రాజు, బంటు. నల్లకు రాజు, ఏనుగు. బంటు నానా తంటాలు పడి చివరి గడి చేరి మంత్రి అవుతుంది. వెంటనే నల్ల ఏనుగు మంత్రికి ఎదురుగా వచ్చి నిలబడి రాజుకు చెక్ చెబుతుంది. చంపితే నల్లరాజుకు చెక్ లేకపోయినా కదిలే గడి ఉండదు, ఆట డ్రా. చంపకపోతే మంత్రే పోతాడు. ఇక డ్రానే అని బార్బియే తేల్చేశాడు. అప్పుడు సావెద్రా అనే స్పెయిన్ సన్యాసి, బంటును మంత్రిని చేయకండి, ఏనుగును చేయండి అన్నాడు. చేసి చూస్తే, మూలనున్న నల్లరాజుకు ఆటకట్టు ముప్పు. దాన్ని ఆపడానికి నల్ల ఏనుగు అడ్డం వస్తే, తెల్లరాజు ఒక్క అడుగు వేసి ఇటు ఏనుగునీ అటు ఆటకట్టునీ ఒకేసారి చూపిస్తాడు. రెండూ ఆపడం నల్లకు సాధ్యం కాదు. ఆ ఒక్క ఎత్తుతో సన్యాసి పేరు చదరంగ చరిత్రలో నిలిచిపోయింది. మేం అడిగేది ఒకటే. మంత్రి పదవి ఇస్తామంటే వద్దు, అంతకంటే చిన్నది చాలన్న బంటును మన రెండు రాష్ట్రాల్లో ఎవరైనా చూశారా?

సామెతలకూ రక్షణ లేదు. రెండు పడవల మీద కాళ్లు పెట్టొద్దని పెద్దలన్నారు. 1921లో రిచర్డ్ రేటి అనే చదరంగ ఆటగాడు నాలుగే పావులతో ఒక స్థితి కూర్చాడు. ఒక అంచున నల్లబంటు పారిపోతోంది, ఇంకో వైపు తెల్లబంటు చావబోతోంది. తెల్లరాజు రెంటికీ ఆలస్యమే. ఆయన ఏ ఒక్కదాని వెంటా పరిగెత్తడు. మధ్యలో ఐమూలగా నడుస్తూ ప్రతి అడుగులోనూ రెంటికీ కొంచెం దగ్గరవుతాడు, చివరికి నల్ల ఎటు తప్పుకుంటే దానికి తగ్గ పని చేసి డ్రా చేసుకుంటాడు. పార్టీ ఫిరాయించేవాళ్లు దీన్ని మొదటి చూపులోనే సాధిస్తారని మా అనుమానం.

ఈ పాపంలో మన దేశానికీ వాటా ఉంది. 1845లో, ఇక్కడ మతగురువుగా పనిచేస్తున్న లవ్‌డే అనే ఆంగ్లేయుడు "శాగిర్ద్" అనే మారుపేరుతో ఇంగ్లండ్ పత్రికకు పంపిన సమస్యను ఇప్పటికీ ఇండియన్ ప్రాబ్లమ్ అనే అంటారు. తెల్ల తన శకటుకు తానే ఏనుగును అడ్డం పెట్టి నల్లరాజుకు ఊపిరాడనిస్తుంది, ఆయన ఒక్క అడుగు వేయగానే ఏనుగును తప్పించి ఆట కట్టిస్తుంది. వాయిదా ఇచ్చి ఇల్లు జప్తు చేసే వడ్డీ వ్యాపారికి ఇదేమీ కొత్త విద్య కాదు.

హెల్ప్‌మేట్ అని ఒకటుంది, అందులో ఇద్దరూ కుమ్మక్కై నల్లరాజును కట్టేస్తారు. సెల్ఫ్‌మేట్‌లో తెల్ల తానే ఓడతానని పట్టుబడుతుంది, నల్ల ససేమిరా అంటుంది, చివరికి వేరే ఎత్తు లేక గెలవాల్సి వస్తుంది. ఇష్టం లేకుండా గెలిచినవాడి ముఖం మనమెన్నడూ చూడలేదు కాబట్టి దీన్ని కల్పితం కింద వదిలేస్తున్నాం.

అయితే ఈ లోకంలో చట్టం అమలయ్యే తీరు మాత్రం మాకు తెగ నచ్చింది. రాజు రెండు గడులు పక్కకు జరిగి, ఏనుగును తనకు అవతలివైపు నిలబెట్టుకునే క్యాస్లింగ్ చేసి కోటలో దూరాలంటే అంతకుముందు ఆయన గానీ ఆ ఏనుగు గానీ కదిలి ఉండకూడదు. పేర్చిన బోర్డు చూసి ఆ సంగతి చెప్పలేం కదా? అందుకని, కదిలినట్టు రుజువయ్యేదాకా కదలలేదనే నమ్మాలట. ఇక బంటు విషయం. పక్కనుంచి రెండు గడులు దూకిన శత్రువు బంటును అప్పటికప్పుడు చంపే హక్కు దానికుంది, ఎన్ పాసాంట్ అంటారు. సమస్యలో మొదటి ఎత్తుగా ఆ హక్కు వాడుకోవాలంటే, నల్ల ఇంతకుముందు ఆడింది ఆ దూకుడేననీ, మరొకటి కావడానికి వీల్లేదనీ నిరూపించాలి. రాజు కదిలాడా? లేదు, అంతకుముందు ఆయన ఏ గడిలో ఉన్నా అసాధ్యమైన చెక్‌లో ఉన్నట్టే. శకటు కదిలిందా? లేదు, దాని ముందు బంట్లు ఇంకా మొదటి గడుల్లోనే ఉన్నాయి, అది ఇల్లు దాటే వీలే లేదు. గుర్రం? అది ఎప్పుడో చచ్చింది. ఇలా ఒక్కొక్క పావు దగ్గరా నిరభ్యంతర పత్రం తెచ్చి బంటు వరుసలో నిలబడుతుంది. ఇంకో సంతకం మిగిలి ఉందంటారు. ఈలోగా రాజుగారు కోటలోకి వెళ్లి కూర్చున్నారు. అంతకుముందు ఎక్కడెక్కడ తిరిగొచ్చారని ఆయన్ను ఎవరూ అడగలేదు.