నల్లమచ్చ చాటున

తెర మీద ఒకడు నోరు తెరుస్తాడు. ఆలోపే తల మొత్తం నల్లటి మచ్చ కింద మాయమైపోతుంది. కేక మాత్రం వినబడుతుంది. 2014లో జపాన్ టీవీలో ‘టెర్రా ఫార్మర్స్’ అనే యానిమే (జపాన్ బొమ్మల సీరియల్) చూసినవాళ్లకు ఇది అలవాటైపోయిన తంతు. అదే ఏడాది వచ్చిన ‘టోక్యో గూల్’లో నెత్తుటి మీద చీకటి పులిమారు, కొన్నిచోట్ల రంగులే తిరగేశారు. మచ్చల్లేని ప్రతులు తర్వాత డిస్కుల మీద వచ్చాయి. ఇవాళ అరకొరగా చూడండి, రేపు డబ్బిచ్చి పూర్తిగా చూడండి అన్నట్టు సాగింది వ్యాపారం.

దాచిన కొద్దీ చూడాలనిపించడం మామూలే. మన టీవీలో బూతు మీద వేసే బీప్ సంగతే చూడండి. కింద ఉన్న మాటేమిటో పదేళ్ల పిల్లాడు కూడా చెప్పేస్తాడు. కానీ అన్‌కట్ కోసం, అంటే కోతా మచ్చా లేని ప్రతి కోసం, వెతికే కుర్రాళ్లందరికీ రక్తదాహమే అనుకోవడం పొరపాటు.

2012 అక్టోబరులో ఫుజి టీవీ రాత్రి బాగా పొద్దుపోయాక మొదలుపెట్టిన ‘సైకో-పాస్’నే తీసుకోండి. అందులో వందేళ్ల తర్వాతి జపాన్‌లో మనిషి మనసులో నేరబుద్ధి ఎంతుందో సిబిల్ అనే వ్యవస్థ కొలిచి అంకె వేస్తుంది. అంకె 300 దాటితే పోలీసు చేతిలోని తుపాకీ చంపే తుపాకీగా మారుతుంది. దెబ్బ తగిలిన ఒళ్లు ఉబ్బి పేలిపోతుంది. మొదటి భాగంలోనే ఒక మహిళను దుండగుడు ఎత్తుకుపోతాడు. భయంతో వణికిపోతున్న ఆ బాధితురాలి అంకె కూడా పెరిగిపోతుంది. చట్టం లెక్కలో ఇప్పుడు ఆమే ప్రమాదం. పోలీసు ఉద్యోగంలో చేరిన తొలిరోజే అకానే అనే అమ్మాయి, ఆ బాధితురాలిని కాల్చబోతున్న తోటి ఉద్యోగినే కాల్చి పడగొడుతుంది. ఎందుకలా చేసిందో అర్థం కావాలంటే ఆ తుపాకీ ఒంటిని ఏం చేస్తుందో మనమూ చూసి ఉండాలి. అక్కడ మచ్చ పెడితే దాగేది నేరగాడి క్రూరత్వం కాదు, ప్రభుత్వం చేసే హత్య.

అన్నీ ఇంత గట్టి సరుకేమీ కాదు. కథ లేక కండలు కోసి చూపించేవీ బోలెడు. అట్టమీద ‘అన్‌కట్’ అని ఉన్నంత మాత్రాన అది గొప్పదైపోదు.

2014 జులైలో జపాన్‌లోని ససెబోలో ఒక విద్యార్థిని తోటి విద్యార్థినిని చంపిన ఘటన జరిగాక, ‘సైకో-పాస్’ కొత్త కూర్పులోని నాలుగో భాగాన్ని ఫుజి టీవీ ఆపేసింది. అందులోనూ బాధితులు బడిపిల్లలే. చనిపోయిన పిల్ల ఇంట్లో ఏడుపు ఆగకముందే ఆ దృశ్యం టీవీలో రాకూడదనుకోవడం మర్యాద. దాన్ని మేం తప్పుపట్టం.

మన దగ్గర 2021 ఐటీ నిబంధనలు ఓటీటీలకు 7, 13, 16 ఏళ్ల మెట్లు, ఆపైన పెద్దలకు మాత్రమే అన్న వర్గం పెట్టాయి. 13 నుంచి పైమెట్లకు, పిల్లలు చూడకుండా పెద్దలు వేసుకునే తాళం ఉండాలన్నాయి. 2023లో సినిమా చట్టంలోకీ అవే మెట్లు వచ్చాయి. అయినా థియేటర్ సినిమాకు ‘ఎ’ ఇస్తూనే కోతలూ అడుగుతున్నారు. పద్దెనిమిదేళ్లు నిండినవాళ్లకే అని రాసిచ్చాక కత్తెర ఎవరి కోసమో సెన్సార్ బోర్డు చెప్పాలి. ఓటీటీలేమో ఆ తాళాన్ని సెట్టింగుల్లో ఏ మూలో దాచకుండా, ఖాతా తెరిచేటప్పుడే పిన్ అడగాలి. నాన్న ఫోన్ పిల్లాడి చేతికి వెళ్లేది ఆ తర్వాతే కదా.